అమ్మ చెప్పిన ఏడు... అయ్యవారు రాసిన తేదీ

1969 జూన్. బడులు తెరిచిన మొదటి వారం. కృష్ణగిరి దగ్గర ఒక పల్లె. ఒంటి ఉపాధ్యాయుడి బడి ముందు తల్లులు పిల్లల్ని చంకనేసుకుని వరస కట్టారు. తొలకరి పడింది. పొలంలో పని మొదలైంది. పిల్లవాణ్ని బడిలో వదిలితే తల్లి నిశ్చింతగా కూలికి పోవచ్చు.

''ఎన్నేండ్లమ్మా పిల్లోనికి?'' అయ్యవారు అడిగాడు.

''ఏమో సామీ... ఐదో ఆరో ఉంటాయి. నెహ్రూ పోయిన యేడు, బుడ్డలు పీకే దినాల్లో పుట్నాడు. వాళ్లక్క ఈడనే చదువుతాంది, కనిపెట్టుకుంటాది. ఎక్కిచ్చుకో సామీ.''

అయ్యవారు పిల్లవాడి కుడిచేయి తల మీదుగా తిప్పి ఎడమ చెవిని పట్టుకోమన్నాడు. తల కాస్త వంచితే వేళ్ల కొసలు అందాయి. అందితే ఐదేళ్లు నిండినట్టే. ఆ రోజుల్లో పల్లెబళ్లలో అదే వయసు పరీక్ష, అదే సర్టిఫికెట్టు! అయ్యవారు అడ్మిషన్ రిజిస్టరు తెరిచాడు. తల్లి 'ఆరో' అంది కదా. ఆరేళ్లు వెనక్కి లెక్కేశాడు. 1-7-1963 అని రాశాడు. వెనక ఇంకా ఇరవై మంది తల్లులు నిలబడి ఉన్నారు.

నెహ్రూ చనిపోయింది 1964 మే 27న. ఆ ఏడు వేరుశనగ పీకే రోజులంటే అక్టోబరు, నవంబరు. తల్లి నోటి లెక్క అంత స్పష్టంగా ఉంది. రిజిస్టరులో మాత్రం అంతకు పదహారు నెలల ముందే పిల్లవాడు పుట్టేశాడు!

ఈ పిల్లవాడికి పేరు పెట్టనక్కర్లేదు. ఎందుకంటే ఈ కథ ఏ ఒక్కరిదో కాదు. ఆదోని, ఎమ్మిగనూరు, పత్తికొండ, డోన్... ఏ ఊళ్లో, ఏ ఆఫీసులో పదిమందిని కూర్చోబెట్టి అడిగినా ఇద్దరు ముగ్గురు నవ్వుతూ చెప్పే కథే. ''మాకు రెండు పుట్టినరోజులండీ... ఒకటి అమ్మ చెప్పింది, ఇంకోటి అయ్యవారు రాసింది'' అంటారు. జూన్, జూలై నెలల్లో పుట్టినవాళ్లు మన ఆఫీసుల్లో అంతమంది ఉండటానికి కారణం గ్రహాలు కాదు, బడులు తెరిచే నెల!

నవ్వులు అక్కడితో ఆగితే ఇబ్బంది లేదు. ఆ నవ్వు ఆగిపోయే రోజు ఒకటి వస్తుంది. పెన్షన్ కాగితాలు కదిలే రోజు.

పదిహేడు నెలల బాకీ

మన కథలోని పిల్లవాడు చదువుకున్నాడు. పత్తికొండలో పదో తరగతి పాసయ్యాడు. ఆ సర్టిఫికెట్టులోనూ 1-7-1963 అనే ఎక్కింది. బడి రిజిస్టరు నుంచి టీసీకి, టీసీ నుంచి నామినల్ రోల్‌కి, అక్కడినుంచి పదో తరగతి సర్టిఫికెట్టుకి ఆ అంకెలు ఒకదాని వెనక ఒకటి నడిచి వచ్చాయి. 1986లో గుమస్తా ఉద్యోగం వచ్చింది. సర్వీసు రిజిస్టరు మొదటి పేజీలో పేరు, తండ్రి పేరు, పుట్టుమచ్చలు, వేలిముద్రలతో పాటు పుట్టిన తేదీని అంకెల్లోనూ అక్షరాల్లోనూ రాశారు. కింద సంతకం పెట్టాడు. కొత్త ఉద్యోగం, కొత్త చొక్కా, మొదటి జీతం. తేదీ సంగతి ఎవరికి గుర్తుంటుంది?

2024లో సూపరింటెండెంటుగా ఉండగా పెన్షన్ ప్రతిపాదనలు తయారు చెయ్యాలని ఆఫీసు గుర్తు చేసింది. ఆంధ్రప్రదేశ్‌లో పదవీ విరమణ వయసు 2022 జనవరి నుంచి 62. నెల మొదటి తేదీన పుట్టినవాళ్లు అంతకు ముందు నెల ఆఖరి రోజునే దిగిపోవాలి. అంటే 1-7-1963 తేదీకి లెక్క 2025 జూన్ 30. అమ్మ చెప్పినట్టు 1964 నవంబరులో పుట్టి ఉంటే 2026 నవంబరు 30. మధ్యలో పదిహేడు నెలలు.

పదిహేడు నెలల జీతమంటే మాటలు కాదు. చిన్నమ్మాయి పెళ్లి కుదిరి ఉంది. ఇంటి అప్పు కంతులు ఇంకా మిగిలున్నాయి. భార్య అడిగింది: ''అత్త ఎప్పుడూ చెప్పేది కదా, నెహ్రూ పోయిన యేడు పుట్టినావని. ఆ సంగతి పైవాళ్లకు చెప్పుకోకూడదా?''

ఆయన వెతకడం మొదలుపెట్టాడు. వెతకగా వెతకగా పాత జనన రిజిస్టరు నకలు దొరికింది. 1964 నవంబరు. తండ్రి పేరు ఉంది. ఊరు ఉంది. 'మగ శిశువు' అని ఉంది. ఇంట్లో పండగైంది. సాక్షాత్తూ సర్కారు పుస్తకమే చెబుతుంటే ఇంకేం కావాలి?

ఆ సర్కారు పుస్తకమే చాలదు. ఇక్కడే చాలామంది పొరబడతారు.

1984లో వేసిన తాళం

ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1984 ఏప్రిల్ 21న జి.ఓ. ఎం.ఎస్. నెం. 165 తెచ్చింది. ప్రభుత్వోద్యోగుల పుట్టిన తేదీని ఎలా నమోదు చెయ్యాలి, ఎప్పుడు మార్చాలి అన్నదే అందులోని విషయం. అంతకు ముందరి పద్ధతుల్లో తేదీ మార్చమనే అర్జీలకు అంతుండేది కాదు. ఈ నిబంధనలు ఆ తలుపుకు తాళం వేశాయి.

ఆ లెక్క ఇలా ఉంటుంది. ఉద్యోగంలో చేరిన నెల రోజుల్లోగా ఉద్యోగి తన పుట్టిన తేదీని రాతపూర్వకంగా ప్రకటించాలి. ఆఫీసు అధిపతి దాన్ని ఊరికే నమ్మి రాసుకోకూడదు. బడి రికార్డులు, ఉద్యోగి చూపించే ఇతర ఆధారాలు పరిశీలించాలి. చేరిన నాలుగు నెలల్లోగా పుట్టిన తేదీని నిర్ణయిస్తూ ఉత్తర్వు ఇవ్వాలి. ఆ ఉత్తర్వు ప్రకారం సర్వీసు రిజిస్టరులోకి ఎక్కిన తేదీయే ఆఖరు మాట. ఉద్యోగి ఆ తర్వాత 'అది కాదు, ఇది' అనడానికి వీల్లేదు. ఈ నిబంధనలు రాకముందే సర్వీసులో ఉన్నవాళ్లకూ అంతే. అప్పటికే పద్ధతి ప్రకారం ఖరారైన తేదీని మళ్లీ కదిలించకూడదు.

ఈ తాళం ఎంత గట్టిదో 1990లో సుప్రీంకోర్టులో తేలిపోయింది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వానికీ, ఎం. హయగ్రీవ శర్మ అనే ఉద్యోగికీ మధ్య నడిచిన కేసు అది. కోర్టు ఈ 1984 నిబంధనల్నే ముందు పెట్టుకుని చూసింది. నిబంధనలు అమల్లోకి వచ్చాక, జనన మరణాల రిజిస్టరు నకలు ఆధారంగా చూపించినా సరే, ఖరారైన తేదీని మార్చమని అడిగే హక్కు లేదని చెప్పింది. తేదీ మార్పుల వివాదాల్లో నేటికీ ఆ తీర్పు మాట వస్తూనే ఉంటుంది.

మరి మన సూపరింటెండెంటు చేతిలోని నకలు? దానికి ఇంకో చిక్కు కూడా ఉంది. అందులో 'మగ శిశువు' అనే ఉంది కానీ పేరు లేదు. పాత జనన రిజిస్టర్లలో చాలావరకు అంతే. పేరు పెట్టక ముందే జననం రాయించేవారు. ఆ తండ్రికి ఇద్దరు ముగ్గురు కొడుకులుంటే ఆ రాత ఏ కొడుకుదో ఎవరు చెప్పాలి? పురిట్లోనే పోయిన బిడ్డదైనా కావచ్చు కదా అని ఎదుటి వకీలు అడిగితే జవాబు వెతుక్కోవాలి. ఆ రాసిన మునసబు లేడు. పైగా ఆ మునసబు, కరణం ఉద్యోగాలే 1984 జనవరిలో రద్దయిపోయాయి. సాక్ష్యం చెప్పాల్సిన తల్లి కూడా ఏనాడో కన్నుమూసింది.

వెనక నిలబడ్డ మనిషి

'ఇదేం అన్యాయం? నిజం చెప్పినా వినరా?' అనిపించడం సహజం. కానీ కోర్టులు ఇంత గట్టిగా ఉండటానికి కారణం ఒకటుంది. ఆ కారణం ఆయన పక్క బల్ల దగ్గరే కూర్చుని ఉంది.

ఆ సీనియర్ అసిస్టెంటు కూడా 1986లోనే చేరాడు. సీనియారిటీ జాబితాలో ఒక్క మెట్టు కింద. ఆయన పుట్టింది 1963 డిసెంబరులో. దిగిపోవాల్సింది 2025 డిసెంబరు 31న. పైవాడు జూన్ 30న దిగితే జూలైలో ఆయనకు సూపరింటెండెంటు పదోన్నతి. ఆర్నెల్లే అయినా ముప్ఫై తొమ్మిదేళ్ల నౌకరీకి అది తుది మెట్టు. పెన్షన్ ఆ జీతం మీదే లెక్క కడతారు. పైవాడి తేదీ పదిహేడు నెలలు జరిగితే? ఆయన సీనియర్ అసిస్టెంటుగానే ఇంటికి పోతాడు. ఆయన కింద జూనియర్ అసిస్టెంటు ఆగిపోతాడు. ఆ కింద ఆఫీసు సబార్డినేటు. అందరికంటే కింద, నోటిఫికేషన్ ఎప్పుడు పడుతుందా అని ఎదురుచూసే కుర్రాడు.

తేదీ మార్పు కేసుల్లో సుప్రీంకోర్టు పదేపదే చెప్పింది ఇదే. ఒక్కడికి పొడిగింపు దొరికితే వెనక వరసలో ఉన్నవాళ్లందరికీ నష్టం. అందులో కొందరు ఎదురుచూస్తూనే దిగిపోతారు. వాళ్లెవరూ కోర్టులో నిలబడి ఉండరు. వాళ్ల మాట ఎవరూ చెప్పరు. అందుకే కోర్టు ముందుగా వాళ్లను చూస్తుంది.

ఇంకో లెక్క కూడా ఉంది. తేదీ ముందుకు జరిపితే ఉద్యోగి చిన్నవాడవుతాడు. మరి ఆ చిన్న వయసులో పదో తరగతి ఎలా రాశాడు? ఉద్యోగంలో ఎలా చేరాడు? ఇరవై ఏళ్లకు చేరినవాడు ఇప్పుడు ఐదేళ్లు తగ్గించమంటే, పదిహేనేళ్ల పిల్లవాడు సర్కారు నౌకరీలో చేరినట్టవుతుంది! చేరేటప్పుడు ఒక తేదీతో లాభం పొంది, దిగేటప్పుడు ఇంకో తేదీతో లాభం పొందుతానంటే కుదరదు. కేంద్ర ప్రభుత్వ నిబంధనల్లో ఇది స్పష్టంగానే రాసుంది. తేదీ మారిస్తే ఆనాడు పరీక్షకో ఉద్యోగానికో అనర్హుడయ్యే పరిస్థితి ఉంటే మార్చకూడదు.

పై హోదాల్లో ఉన్నవాళ్లకూ ఇదే తూకం. సైన్యాధిపతిగా ఉన్న జనరల్ వి.కె. సింగ్ సంగతి చాలామందికి గుర్తుండే ఉంటుంది. సైన్యంలోనే ఒక విభాగం రికార్డులో 1950 మే 10, ఇంకో విభాగం రికార్డులో 1951 మే 10. మెట్రిక్ సర్టిఫికెట్టు 1951 అనే చెబుతోంది. కానీ కుర్రతనంలో మిలటరీ అకాడమీకి పెట్టుకున్న దరఖాస్తులో 1950 అని పడింది. ఆయన సుప్రీంకోర్టుకు వెళ్లారు. 2008, 2009లలో ఆయనే 1950ని ఒప్పుకుంటూ రాసిన ఉత్తరాలను కోర్టు ఎత్తి చూపింది. 2012 ఫిబ్రవరి 10న ఆయన పిటిషన్ వెనక్కి తీసుకున్నారు. ఆ మే 31న పదవీ విరమణ చేశారు. దేశ సైన్యానికి అధిపతైనా కుర్రతనంలో నింపిన ఫారం వెంటాడింది. ఆఫీసు గుమస్తా సంగతి చెప్పాలా?

పొలిమేర దాటితే ఇంకో గడువు

ఆదోని, ఆలూరు పక్క ఊళ్లలో ఒకే ఇంట్లో అన్న ఆంధ్రలో, తమ్ముడు బళ్లారిలో, బావమరిది కేంద్ర ఆఫీసులో పనిచెయ్యడం కొత్తేమీ కాదు. 1953 అక్టోబరు 1 దాకా ఆదోని కూడా బళ్లారి జిల్లాదే కదా! కానీ పుట్టిన తేదీ సంగతిలో ముగ్గురికీ మూడు గడువులు.

కేంద్ర ఉద్యోగికి ఐదేళ్లు. 1979లో ఫండమెంటల్ రూల్ 56కు చేర్చిన నోట్ ప్రకారం, చేరిన ఐదేళ్లలోగా అడగాలి. నిజమైన పొరపాటేనని రుజువు చెయ్యాలి. 1993లో సుప్రీంకోర్టుకు వచ్చిన హర్నామ్ సింగ్ కేసులో ఉద్యోగి అడిగింది చేరిన 35 ఏళ్లకు! అన్నేళ్లు ఊరుకుని ఇప్పుడు అడిగితే ఎలా అని కోర్టు తోసిపుచ్చింది. కర్ణాటక ఉద్యోగికి 1974 చట్టం ప్రకారం మూడేళ్లు. ఆ చట్టం మీదే 2021లో సుప్రీంకోర్టు ఇంకో తీర్పు ఇచ్చింది. గట్టి సాక్ష్యం ఉన్నా సరే, తేదీ మార్పును హక్కుగా అడగలేరని అంది. అందులోనూ సర్వీసు ముగిసే వేళ అడిగితే ఆలస్యం ఒక్కటే కారణంగా కొట్టేయవచ్చని స్పష్టం చేసింది. ఇక ఆంధ్ర ఉద్యోగికి? ప్రకటనకు ఒక నెల, నిర్ణయానికి నాలుగు నెలలు. అంతే.

అందుకే 'మా బావకు మార్చారు, నాకెందుకు మార్చరు' అన్న వాదన పనికిరాదు. బావ ఏ ప్రభుత్వ ఉద్యోగి, ఎప్పుడు అడిగాడు, ఏం చూపించాడు అన్నది చూడాలి.

ఒక్కటి మాత్రం వేరు. పదో తరగతి సర్టిఫికెట్టులో 1964 అని ఉంటే, సర్వీసు రిజిస్టరులోకి ఎక్కించేటప్పుడు గుమస్తా 1963 అని రాశాడనుకోండి. అది వయసు తగాదా కాదు. చూసి రాయడంలో దొర్లిన తప్పు. ఏ కాగితం చూసి రాశారో ఆ కాగితమే సాక్ష్యం. అలాంటిదాన్ని కనిపించిన రోజే రాతపూర్వకంగా ఆఫీసు దృష్టికి తీసుకెళ్లాలి. అర్జీ ఇచ్చినట్టు ముద్ర వేయించుకుని ఒక ప్రతి దాచుకోవాలి. 'తర్వాత చూద్దాంలే' అన్నవాళ్లకు, ముప్ఫై ఏళ్ల తర్వాత అది కూడా వయసు తగాదాలాగే కనబడుతుంది.

మొదటి పేజీ... మొదటి నెల

కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్లలున్న ఇళ్లు ఈ ముక్క కాస్త శ్రద్ధగా చదవాలి. గ్రూప్ పరీక్షో, డీఎస్సీయో, సచివాలయ ఉద్యోగమో... నియామక ఉత్తర్వు చేతికి రాగానే స్వీట్లు పంచుతాం. ఫొటోలు దిగుతాం. సర్వీసు రిజిస్టరు మొదటి పేజీ చదివేవాళ్లు ఎంతమంది?

ఆ పేజీలో సంతకం పెట్టేముందు నాలుగు చూడాలి. ఇంటిపేరుతో సహా పేరు సర్టిఫికెట్టులో ఉన్నట్టే ఉందా? పుట్టిన తేదీ అంకెల్లో ఉన్నదే అక్షరాల్లోనూ ఉందా? ఎక్కడైనా దిద్దుళ్లున్నాయా? ఉంటే పక్కన అధికారి సంతకం ఉందా? ఒక్క దిద్దుబాటు సంతకం లేకుండా ఉంటే చాలు, పెన్షన్ ఫైలు అక్కడ ఆగిపోవచ్చు. మొదటి పేజీని ఐదేళ్లకోసారి మళ్లీ చూసి ధ్రువీకరించాలన్న పద్ధతి కూడా ఉంది. చాలాచోట్ల అది కాగితం మీదే మిగిలిపోతుంది. అడిగితే చూపించాల్సిన పుస్తకమే అది. అడగడానికి మొహమాటపడకూడదు. డూప్లికేట్ సర్వీసు రిజిస్టరు రాయించుకుని, ఎప్పటికప్పుడు సంతకాలు చేయించుకుని ఇంట్లో పెట్టుకున్నవాళ్లు తెలివైనవాళ్లు. 2009 అక్టోబరులో తుంగభద్ర, హంద్రీ పొంగి కర్నూలు నగరం మునిగినప్పుడు ఎన్ని బీరువాలు, ఎన్ని కాగితాలు తడిసి ముద్దయ్యాయో చూసినవాళ్లకు దాని విలువ వేరే చెప్పనక్కర్లేదు.

ఆఫీసు పెద్దల బాధ్యతా తక్కువది కాదు. ఆ నాలుగు నెలల విచారణ ఊరికే పెట్టలేదు. ఎదురుగా కూర్చున్న కొత్త కుర్రాణ్ని 'ఇదేనా నీ తేదీ? ఇంట్లో ఏమంటారు? వేరే కాగితం ఏమైనా ఉందా?' అని ఒక్క పూట అడిగితే చాలు. ముప్ఫై ఏళ్ల తర్వాతి కోర్టు ఖర్చు తప్పుతుంది. చట్టం ఉద్యోగి నోరు కట్టేసిందంటే, కట్టేముందు ఒకసారి చెవిపెట్టి వినమని కూడా చెప్పింది.

మన పిల్లల సంగతేమిటి?

తాత కథ అయిపోయింది. మనవల కథ ఇప్పుడే మొదలవుతోంది. ఉద్యోగంలో చేరేనాటికి తేదీ పదో తరగతి సర్టిఫికెట్టులో బిగుసుకుపోయి ఉంటుంది. దాన్ని సరిచూసుకోవాల్సింది పిల్లవాడు తొమ్మిదిలో, పదిలో ఉన్నప్పుడే. నామినల్ రోల్స్ బోర్డుకు వెళ్లకముందే తల్లిదండ్రులు బడికెళ్లి పేరు, తేదీ ఒకసారి చూసుకోవాలి. అంతకంటే ముందు మెట్టు జనన ధ్రువపత్రం. కేంద్రం 2023లో జనన మరణాల నమోదు చట్టాన్ని సవరించింది. ఆ ఏడాది అక్టోబరు 1 నుంచి పుట్టిన పిల్లలకు బడిలో చేర్చాలన్నా, సర్కారు ఉద్యోగానికైనా పుట్టిన తేదీకి జనన ధ్రువపత్రమే రుజువు. చెవి అందితే ఐదేళ్లు అనే రోజులు పోయాయి.

పుట్టిన 21 రోజుల్లో నమోదు చేయిస్తే పైసా ఖర్చుండదు. ముప్ఫై రోజులు దాటితే అనుమతులు కావాలి. ఏడాది దాటితే మెజిస్ట్రేటు స్థాయి ఉత్తర్వు కావాలి. బిడ్డకు పేరు పెట్టకపోయినా జననం రాయించవచ్చు. పేరు ఏడాదిలోపు ఉచితంగా చేర్పించుకోవచ్చు. ఆ తర్వాత రుసుము కట్టి పదిహేనేళ్ల దాకా చేర్పించుకోవచ్చు. కానీ మర్చిపోకూడదు. మన సూపరింటెండెంటు చేతిలోని 'మగ శిశువు' కాగితానికి లోటు ఆ ఒక్క పేరే కదా!

పశ్చిమ కర్నూలు పల్లెలకు ఇంకో మాట. వానలు మొహం చాటేసిన ఏడు, సుగ్గికని గుంటూరు మిరప తోటలకో, కర్ణాటకకో బయల్దేరే కుటుంబాలు ఇక్కడ వేలల్లో ఉన్నాయి. నిండు గర్భిణులూ వెళ్తారు. అక్కడే ప్రసవమైతే జననం నమోదు కావాల్సింది అక్కడే. సొంతూరికొచ్చాక ఇక్కడి పంచాయతీలో రాయించుకుందామంటే కుదరదు. ఏ ఊళ్లో పుడితే ఆ ఊరి రిజిస్టరులోనే. ఆసుపత్రి నుంచి వచ్చేటప్పుడు బిడ్డతో పాటు ఆ కాగితం కూడా తెచ్చుకోవాలి. ఆరు నెలల తర్వాత మేస్త్రీ ఎవరో, ఊరు ఏదో వెతుక్కుంటూ పోవడం కూలి మనిషి వల్ల అయ్యే పని కాదు.

ఆధార్ ఉందిగా అంటారు కొందరు. చాలామంది ఆధార్‌లో పుట్టిన రోజు జనవరి 1. వయసు మాత్రమే చెప్పినవాళ్లకు పడిన తేదీ అది. నాడు జూలై 1, నేడు జనవరి 1, అంతే తేడా! ఆధార్ మనిషి ఎవరో చెబుతుంది కానీ ఎప్పుడు పుట్టాడో రుజువు చెయ్యదని దాన్ని ఇచ్చే సంస్థే 2023 డిసెంబరులో స్పష్టం చేసింది. ప్రావిడెంట్ ఫండ్ సంస్థ 2024 జనవరిలో పుట్టిన తేదీ రుజువుల జాబితా నుంచి ఆధార్‌ను తీసేసింది.

మన సూపరింటెండెంటు వకీలును కలిశాడు. ఆయన ఫైలంతా చదివి, ''ఫీజు తీసుకోవడం నాకు కష్టం కాదు. కానీ మీకు ఆశ పెట్టడం నాకిష్టం లేదు'' అన్నాడు. అర్జీ పెట్టలేదు. 2025 జూన్ 30 సాయంత్రం ఆఫీసులో శాలువా కప్పారు. దండ వేశారు. జూలైలో ఆ కుర్చీలో పక్క బల్ల ఆయన కూర్చున్నాడు. అప్పుకు ఇంకో దారి చూసుకోవాల్సి వచ్చింది. చిన్నమ్మాయి పెళ్లి కాస్త తగ్గించి చేశారు. అమ్మ మాట అబద్ధం కాలేదు. ఆ మాట వినాల్సిన రోజు బడి ముందు ఒక జూన్ నెలలో గడిచిపోయింది.

బడులు తెరిచారు. పెద్దమ్మాయి కూతురికి ఐదేళ్లు నిండాయి. తాతే చేయి పట్టుకుని బడికి తీసుకెళ్లాడు. ''పాపకు ఎన్నేళ్లు సార్?'' అని టీచరమ్మ అడిగింది. తాత జవాబు చెప్పలేదు. చొక్కా జేబులోంచి జనన ధ్రువపత్రం తీసి బల్ల మీద పెట్టాడు. టీచరమ్మ రాస్తున్నంతసేపూ అలాగే నిలబడ్డాడు. రాశాక రిజిస్టరు తనవైపు తిప్పించుకుని, కళ్లజోడు సవరించుకుని, అంకెలు ఒకసారి, అక్షరాలు ఒకసారి చదివాడు. ఆ తర్వాతే పాపను లోపలికి పంపాడు.